వెన్నెల గూడు తేలిన రోజు

తిరుమలేశ్ ఫిలింనగర్‌లో పని మొదలుపెట్టిన రోజు చేతిలో ఉన్నది పదిహేడు వేల ఆరు వందలు. అందులో ఒక స్టవ్వు, రెండు మూకుళ్లు వచ్చాయి, పాత స్కూటరుకు మొదటి వాయిదా కట్టాడు. సినిమాల్లో కనిపించే తిండి చేసిపెట్టడం అతని పని. లైట్ల వేడికి ఎండిపోని ఇడ్లీలు, పదహారో టేకులోనూ పొగలు కక్కే సాంబారు. రోజూ ఐదింటికి లేస్తాడు, ఏడింటికల్లా సెట్లో ఉంటాడు.

దర్శకుడు త్రినాథరావు ఒక జానపద సినిమా తీస్తున్నాడు. అందులో మబ్బుకోన అనే రాజ్యం. పట్టాభిషేకం రోజు అక్కడ ‘వెన్నెల గూడు’ అనే మిఠాయి చేస్తారట. పలచటి బియ్యప్పిండి రేకులు పొరలు పొరలుగా పేర్చి, మధ్యలో నువ్వులు, బెల్లం పాకం పోయాలి. అది పళ్లెం మీద జానెడు ఎత్తున తేలుతూ వెళ్లి రాజు ముందు ఆగాలని స్క్రిప్టులో ఉంది.

పాకం పదకొండుసార్లు చెడింది. భోజనాల గిన్నెలు తోమే నీలమ్మ గుమ్మంలో నిలబడి చూసి చూసి లోపలికొచ్చింది.

“గట్ల తిప్పితే ఏమొస్తది బిడ్డా? నీకు అన్నం పెట్టినోళ్లను తలుచుకో. ఒక్కో పేరుకు ఒక్క తిప్పు.”

గరిటె తీసుకుని, పెదవులు కదుపుతూ, తాపీగా తిప్పింది. తిరుమలేశ్ లెక్కపెట్టాడు. రెండు వందల పద్నాలుగు తిప్పులు. ఆ పాకం పోసిన మిఠాయి పళ్లెం మీద నుంచి మెల్లగా లేచింది.

ఆర్ట్ డైరెక్టర్ గీతిక టేపు పెట్టి కొలిచింది. “సరిగ్గా జానెడు. గ్రాఫిక్స్ వాళ్లకి ఒక షాట్ తగ్గింది. ఎవరు చేశారు?”

“నేనే మేడమ్,” అన్నాడు తిరుమలేశ్. మనసు కంటే ముందు నోరు జారింది.

నీలమ్మ చీర కొంగు దోపుకుని గిన్నెల దగ్గరికి వెళ్లిపోయింది.

షూటింగ్ రోజు అతనే పాకం తిప్పాడు. పేర్లు తలుచుకునే తీరిక లేదు, అంకెలైతే వాటంతటవే వస్తాయి. ఒకటి, రెండు, మూడు. యాభై దాటాక నీలమ్మ వచ్చి, రెండు జొన్నరొట్టెలు స్టవ్వు పక్కన పెట్టింది. “జర తిని చెయ్యి,” అని పోయింది. ఆ ఒక్క తిప్పుకు అంకె బదులు ఆమె పేరు వచ్చింది. మిగతావన్నీ అంకెలే.

మొదటి టేకు. వెన్నెల గూడు పళ్లెం మీద నుంచి లేచింది, సింహాసనం మీద ఉన్న హీరో భుజం పక్క నుంచి సాగిపోయింది. తలుపు దాటి, నల్లా దగ్గర గిన్నెలు తోముతున్న నీలమ్మ ముందు ఆగింది.

“ఫ్యాన్లు ఆపండి,” అన్నాడు త్రినాథరావు.

ఫ్యాన్లు ఆపినా అక్కడికే పోయింది. మూడో టేకుకు తలుపులు మూశారు. అది తలుపు దగ్గర, బయటికి వెళ్లాలనుకున్న పిల్లిలా, కదలకుండా కాచుకుంది.

గీతిక గడియారం చూసుకుంది. పన్నెండూ ఇరవై. “ఒంటిగంటకి హీరో సార్ ఎయిర్‌పోర్టుకి బయల్దేరాలి. ఆలోపు అవ్వకపోతే థర్మాకోల్ బొమ్మలు చేసేవాళ్లతో చేయించేస్తాను తిరుమలేశ్. మిగతా పన్నెండు సీన్ల తిండి కూడా వాళ్లకే.”

తిరుమలేశ్ మనసులో లెక్క వేసుకున్నాడు. రెండు వందల పదమూడు అంకెలు, ఒక్క పేరు. నేరుగా త్రినాథరావు దగ్గరికి వెళ్లాడు.

“సార్, గీ పాకం నాది గాదు. నీలమ్మ నేర్పింది. నాదని అబద్ధం చెప్పిన. తిప్పేటప్పుడు గూడ ఆమె ఒక్క పేరే తలుచుకున్న. అందుకే అది ఆమె తానికే పోతున్నది.”

త్రినాథరావు పెన్ను కొస కొరికాడు. “ఈ ముక్క పొద్దున్నే చెప్పొచ్చుగా. రాజుని పెంచిన దాది అని పెట్టేస్తే సరిపోయేది. ఆవిడకి చీర ఇవ్వండి.”

“నాకీ వేషాలెందుకు సారూ, చేతులకు సబ్బున్నది,” అంది నీలమ్మ.

“కడుక్కుని రండమ్మా. నలభై నిమిషాలుంది.”

నాలుగో టేకు. సింహాసనం పక్కన పట్టుచీరలో నీలమ్మ. వెన్నెల గూడు తేలుతూ వచ్చి ఆమె ముందు ఆగింది. ఆమె కెమెరాను చూడలేదు. లైటు వెనక నిలబడ్డ తిరుమలేశ్‌ను చూసి మెల్లగా అడిగింది.

“నన్ను తలుచుకున్నవా?”

“ఒక్కసారే పెద్దమ్మా.”

“ఒక్కటి చాలు తియ్.”

ఆ మాటలు డబ్బింగ్‌లో తీసేయొచ్చని ఎవరూ ఆపలేదు. ఆమె ఒక ముక్క తుంచి రాజు నోట్లో పెట్టింది. పదకొండు నెలలుగా తీపి ముట్టని హీరో అది నమిలి, రెండో ముక్క కోసం నోరు తెరిచాడు. అది స్క్రిప్టులో లేదు.

“ఓకే,” అన్నాడు త్రినాథరావు.

గీతిక కాగితాల అట్ట పట్టుకుని వచ్చింది. “తర్వాతది రాకుమారి పెళ్లి మిఠాయి. టైటిల్స్‌లో పేరెవరిది వేయాలి?”

“నీలమ్మది. కింద నాది,” అన్నాడు తిరుమలేశ్.

గీతిక అదే రాసుకుంది. సెట్లో భోజనాలు పెట్టే ఆయన వైపు తిరిగి, రేపటి నుంచి గిన్నెలకు ఇంకొకరిని చూసుకోమంది. నీలమ్మ పట్టుచీర మడత పెడుతూ ఆ మాట విన్నది. మడత కుదరక మళ్లీ మొదటి నుంచి పెట్టింది.

బయటికొచ్చాక తిరుమలేశ్ ఏదో చెప్పబోయాడు. ఆమె చెప్పనియ్యలేదు.

“నువ్వులు యాడ కొన్నవ్?”

“సూపర్ మార్కెట్ల.”

“గందుకే జర చేదు గొట్టినయి. ఎర్రగడ్డ మార్కెట్టుకు పోదాం, నేను ఏరుతా.”

“ట్రాఫిక్ ఉంటది పెద్దమ్మా. పోను నలభై నిమిషాలు, ఏరనీకి అర్ధగంట...”

ఉన్న ఒక్క హెల్మెట్టూ ఆమెకే ఇచ్చాడు. ఆమె అది పెట్టుకుని, స్కూటరు మీద పక్కకు తిరిగి కూర్చుంది.

“లెక్కలు తర్వాత. ముందు బండి తియ్.”

తిరుమలేశ్ తాళం తిప్పాడు.