మబ్బు దిగిన కొండమీద

అత్తతో, కూతురితో పెనుకొండ బస్టాండులో దిగేసరికి మంజులత జాకెట్టు చెమటకు తడిసి ఒంటికి అతుక్కుపోయింది. శ్రావణమని పేరేగానీ ఆ సీమలో ఎండకు నెలల లెక్క ఉండదు. ఆటో లక్ష్మన్న మాత్రం కొండ వైపు చూసి, "పైన మబ్బు దిగుతాండాదమ్మా. బిరీన దర్శనం చేసుకోని రండి" అన్నాడు. నడినెత్తిన ఎండ పెట్టుకుని మబ్బు సంగతి చెబితే ఎవరు నమ్ముతారు? ధర్మవరంలో పట్టుచీరల అంగడి నడిపే ఇంటి కోడలికి మబ్బంటే ఆకాశంలో ఉండేదే, మనుషుల మీదికి వచ్చేది కాదు.

ఘాట్ రోడ్డు మలుపు తిరిగే కొద్దీ చెట్లు చిక్కబడ్డాయి. కొండ కొసకు చేరగానే గాలి ఈడ్చి కొట్టింది. పడమటి నుంచి మైదానమంతా అడ్డూఆపూ లేకుండా వచ్చే గాలి అది. కొండ తగిలేసరికి పైకెక్కి, చల్లబడి, మబ్బవుతుంది. వాన కురవడానికి మాత్రం దానికి మహా పిసినారితనం. ఆకులు తడిపి, బండలకు పాకుడు పట్టించి తన దారిన తాను పోతుంది.

దర్శనమయ్యాక పాత కోటగోడ చూడాలని చిట్టి మారాం చేసింది. చిట్టి మంజులత ఆరేళ్ల కూతురు. బళ్లో పేరు ఆదిలక్ష్మి, అవ్వ పేరే. అత్త పేరు కోడలి నోట రాకూడదు కనుక మంజులతకు ఆ పిల్ల పుట్టిన నాటి నుంచీ చిట్టే. ఇంటిల్లిపాదికీ అదే అలవాటైంది.

గోడ దగ్గరికి వెళ్లేసరికి అత్తకు చలిగాలికి ఉబ్బసం ఎత్తుకుంది. రొమ్ములో పిల్లికూతలు మొదలయ్యాయి. ఊపిరాడటానికి పీల్చే మందు పంపు కోసం సంచి వెతకడానికి మంజులత చిట్టి చెయ్యి వదిలింది. తలెత్తేసరికి లోకమే లేదు. గోడ లేదు, గుడి లేదు, చెట్లు లేవు. చాచిన చెయ్యి మోచేతి దాకానే కనిపిస్తోంది. చిట్టి లేదు.

"చిట్టీ! ఓ చిట్టీ!"

గాలి హోరు తప్ప ఏమీ లేదు. మంజులతకు కోటగోడ చాలాచోట్ల కూలిపోయిందని, దాని అవతల కొండ నిలువునా తెగి ఉంటుందని ఆటోలో లక్ష్మన్న చెప్పిన మాట గుర్తొచ్చింది.

"చిట్టీ, ఈడుండా రామ్మా! పరిగెత్తుకోని రా! రా తల్లీ, రా!"

అరిచి అరిచి గొంతు బొంగురుపోయింది. ముందుకు అడుగేస్తే పాకుడుకు కాలు జారింది. చతికిలబడి అక్కడి నుంచే మళ్లీ అరిచింది. పిల్ల పడిపోయిందేమో, పలకడానికి లేకుండా పోయిందేమో అనుకుంటూ లేవబోయింది.

వెనక నుంచి అత్త ఆమె భుజం పట్టుకుంది. "అట్ల పిలిస్తే పలకదే. బస్సులో నేనే చెప్తి. మబ్బులో దయ్యం అమ్మ గొంతుతోనే పిలుస్తాది, బళ్లో పేరు మాత్రం దానికి తెలీదు, ఆ పేరు పెట్టి పిలిచేదాకా పలకొద్దు, కదలొద్దు అంటి. కొండమీద దుడుకుగా తిరగకుండా ఉంటాదని..."

"పిల్లకు చెప్పే మాటనా అత్తా అది!" మంజులతకు ఆమెను నిలువునా చీల్చాలన్నంత కోపం వచ్చింది. "అయితే నువ్వే పిలువు!"

ముసలామె నోరు తెరిచింది. పిల్లికూత తప్ప కేక రాలేదు. "నువ్వే పిలువే. పిల్ల పోతాంటే నా పేరుకేమే!" అంది ఎగశ్వాస మధ్య.

అంత ఆపదలోనూ మంజులత నాలుక ఒక్క క్షణం వెనక్కి లాగింది.

"ఆదిలక్ష్మీ!"

"ఈడే ఉండా మా!"

ఎంత దగ్గర! పిలిస్తే నాలుగు గంతుల్లో వచ్చి ఒళ్లో పడేంత దగ్గర. రమ్మనబోయింది. అంతలో గాలి విసురుకు మబ్బు చిరిగింది.

ఎదురుగా బండమీద చిట్టి బాసింపట్టు వేసుకుని కూర్చుని ఉంది. గోడవారగా చుట్టుతిరిగి పోయినట్టుంది. తల్లికీ బిడ్డకూ మధ్య నేల లేదు. కొండ అక్కడ చీలిపోయి ఉంది. చీలికలో ఎక్కడో కింద చెట్ల కొసలు, ఇంకా కింద ఎండలో మెరుస్తున్న ఊరి మిద్దెలు కనబడ్డాయి. ఇంతసేపూ మంజులత కూతుర్ని పరిగెత్తుకుని రమ్మన్నది దాని మీదుగానే.

ఆమె అత్త వైపు చూడలేకపోయింది.

"ఇప్పుడు రావల్లా మా?" అంటూ చిట్టి లేచి నిలబడింది.

"వొద్దు! కూచో! కదలాకు!"

పిల్ల అనుమానంగా చూసింది. "ఇందాకంతా రా రా అంటివే?"

"అది నేను గాదు తల్లీ" అంది మంజులత. "కూచో. నేనే వస్తాండా."

చిట్టి కూర్చుంది. మంజులత నేలమీదికి వంగి, గోడ రాళ్లు పట్టుకుని, చుట్టూ తిరిగి పాకడం మొదలుపెట్టింది.