ఏమీ లేదన్నారు

కాలరు మూల తిప్పేసరికి కడుపులో మెలి మొదలైంది. ఆమె మిషను మీంచి కాలు తియ్యకుండానే ఊపిరి బిగబట్టి పొట్టను లోపలికి లాక్కుంది. కుట్టు వంకర పోలేదు. కాలరు మూలలు కుట్టడంలో ఆ చొక్కాల ఫ్యాక్టరీ లైనులో ఆమె చేతికి పేరుంది. ఇంతకాలం ఉద్యోగం నిలబడింది దానివల్లే. మెలి బొడ్డు కింద నుంచి ఎడమ పక్కకు జరిగి పిడికిలిలా బిగుసుకుంది. మెడ వెనక చల్లటి చెమట. ఇక ఆగదని తెలిసి లేచింది.

లైను చివర సూపర్‌వైజరు తలెత్తాడు. ఆమెకన్నా వయసులో చాలా చిన్నవాడు.

"మళ్ళీనా? నీ మిషను బాత్రూంలోనే వేయించమంటావా?" అన్నాడు, అందరికీ వినపడేలా.

రెండు మూడు మిషన్లు ఆగాయి, తీరిగ్గా నవ్వడానికి. ఆమె వెళ్ళి, వచ్చి, కూర్చుంది. వెనకాల తనను 'ఎక్స్‌ప్రెస్' అంటారని ఆమెకు తెలుసు. ఎవరు ఆపినా ఆగదు కాబట్టి. ఒళ్ళు మండిపోయింది. కానీ ఏమని తిరగబడాలి? నడుంనొప్పి అంటే జాలిపడతారు. ఈ జబ్బు ఊసెత్తితే ముక్కు మూసుకుంటారు.

నాలుగేళ్ళుగా ఇదే. రక్తం చూశారు, స్కానింగ్ తీశారు, గొట్టం వేసి పేగులు చూశారు. ప్రతి డాక్టరూ కాగితాలు ముందుకు తోసి, "ఏమీ లేదమ్మా" అన్నవాడే. ఆ ముక్క పట్టుకుని ఇంట్లో మొగుడు తీర్పు చెప్పేశాడు.

"ఏమీ లేదన్నారుగా. ఊరికే ఊహించుకుంటావు."

ఆ ఏమీ లేని జబ్బే ఆమెను బస్సెక్కనివ్వలేదు. చెల్లెలి పెళ్ళిలో సగంసేపు స్నానాలగదిలో గడియ వేసుకుని కూర్చునేలా చేసింది. పోనుపోను ఇంకొకటి పట్టుకుంది. పొద్దున్నే కళ్ళు తెరవగానే, ఎందుకు తెరుచుకున్నాయా అనిపించేది. తల దువ్వుకోవడానికి చెయ్యి లేచేది కాదు. గిన్నెలు తోముతూ తోముతూ ఉన్నట్టుండి ఏడ్చేది. దానికి మొగుడు పెట్టిన పేరు బద్ధకం.

మధ్యాహ్నం సూపర్‌వైజరును బతిమాలుకుని కాసేపు పర్మిషన్ మీద పెద్దాసుపత్రికి వెళ్ళింది. అక్కడ కొత్తగా వచ్చిన డాక్టరమ్మ పాత కాగితాలు తిరగేసి పక్కన పెట్టింది.

"నిద్ర పడుతోందా?"

"లేదు."

"ఇదివరకు ఇష్టమైనవి ఇప్పుడూ ఇష్టంగానే ఉన్నాయా?"

ఆమెకు చిర్రెత్తుకొచ్చింది. "కడుపునొప్పని వస్తే ఇవన్నీ ఎందుకండీ? నాకు పిచ్చని రాస్తారా?"

"రాయను. మీ నొప్పి నిజం. స్కానింగులో కనపడకపోయినా నిజమే. పేగులకీ మెదడుకీ మధ్య నరాలున్నాయి, అటు కబురు ఇటు, ఇటు కబురు అటు పోతూనే ఉంటుంది. పేగులు కుదురుగా లేకపోతే మనసు కుంగుతుంది. మనసు కుంగితే పేగులు ఇంకా బిగుసుకుంటాయి. చాలామందికి రెండూ కలిసే వస్తాయి. మీకు ఏది ముందు వచ్చిందో నేను చెప్పలేను. రెండింటికీ వైద్యం మొదలుపెడదాం."

ప్రాణం కుదుటపడాల్సిన మాట. పడలేదు. కడుపులో ఉన్న మంటకు ఇంకో మంట తోడైంది.

"నాలుగేళ్ళు తిరిగానండీ. ఈ రెండు ముక్కలు చెప్పడానికి ఒక్కరికీ నోరు రాలేదా?"

డాక్టరమ్మ రాస్తున్నది ఆపింది. "మనసు సంగతి కూడా అడగాల్సింది. అడగలేదు."

"మీరు కాదుగా."

"మేమేగా" అంది డాక్టరమ్మ.

తిరిగొచ్చి మిషను ముందు కూర్చుంది. సాయంత్రానికి మళ్ళీ మెలి. ఆమె లేవబోతుంటే సూపర్‌వైజరు అడ్డంగా నిలబడ్డాడు.

"ఈ లాటు చొక్కాలు అయ్యేదాకా ఎవరూ లేవడానికి లేదు. నువ్వైతే అసలే లేదు."

ఆమె డాక్టరమ్మ ఇచ్చిన మందుల పొట్లం బల్ల మీంచి గుప్పిట్లోకి తీసుకుని లేచి నిలబడింది.

"నాకు పేగుల జబ్బుంది. దిగులు జబ్బు కూడా ఉంది. రెండూ ఒకదాన్నొకటి ఎగదోసుకుంటున్నాయి. అది చాలనట్టు పైన నువ్వొకడివి. నేనిప్పుడు దొడ్డికి వెళ్తున్నాను. నవ్వేవాళ్ళు నవ్వండి, నిలబడి వింటాను."

గొంతు పెంచలేదు. నిజంగానే నిలబడింది. ఎవరూ నవ్వలేదు.

"సరే సరే, వెళ్ళు" అన్నాడు సూపర్‌వైజరు నేల చూస్తూ, అనుమతి ఇవ్వడం ఇంకా తన చేతిలోనే ఉన్నట్టు.

వెళ్ళింది. మొహం కడుక్కుంది. బయటికొచ్చి మిషన్ల హాలు వైపు తిరగలేదు. గేటు దాటి రోడ్డు మీద పడింది. కోపం తగ్గలేదు. తగ్గాలని ఆమె అనుకోనూ లేదు. ఎన్నాళ్ళకో ఒంట్లో ప్రాణమున్నట్టు కదిలింది అదొక్కటే.

మర్నాడు ఆమె పనికి రాలేదు. ఆ తర్వాతా రాలేదు. ఆ మిషను ముందు ఇంకొకరిని కూర్చోబెట్టారు.

ఆమె సామాన్ల అర ఖాళీ చెయ్యమంటే పక్క మిషను బొత్తాల అక్క వెళ్ళింది. బొత్తాలు కుట్టే ఆవిణ్ణి అందరూ అలాగే పిలుస్తారు. ఆ రోజు పొద్దున నవ్వినవాళ్ళలో ఆవిడా ఉంది. అరలో భోజనం డబ్బా ఒకటి మిగిలింది. అన్నం పాచిపోయి ఉంటుందని మొహం పక్కకు తిప్పుకుని మూత తీసింది. వాసన రాలేదు. మెతుకు లేదు, మరక లేదు, అడుగున చెంచా గీత కూడా లేదు. తింటే పగలంతా కడుపు ఊరుకోదని, తినలేదేమని ఎవరూ అడక్కుండా ఆ మనిషి రోజూ ఖాళీ డబ్బా మోసుకొచ్చేదని అక్కకు మెల్లిగా అర్థమైంది.

పారెయ్యడానికి చేతులు రాలేదు. మూత బిగించి మళ్ళీ అరలోనే పెట్టింది, కొన్ననాటి మెరుపుతో అలాగే ఉన్న ఆ రెండు గిన్నెల స్టీలు డబ్బాను.