ఒళ్ళో పడ్డ నెత్తురు

ముత్లగ్ హాజీని నేను క్షమించను. దొర అయినందుకు కాదు, మా భూమి మింగినందుకు కూడా కాదు. నా కొడుకు దఖీల్‌ను సున్తీ నాడు ఆయన ఒళ్ళోనే కూర్చోబెట్టాను. మా యాజిదీలు బిడ్డను ముస్లిం పొరుగువాడి ఒళ్ళో పెట్టి సున్తీ చేయిస్తారు. అతని బట్ట మీద నెత్తురు చుక్క పడ్డాక అతను కిరీవ్. రెండిళ్ళ మధ్య పెళ్ళి ఉండదు, పగ ఉండదు. ఆపదొస్తే ఒకరికొకరు ప్రాణం అడ్డం పెట్టాలి.

నా మూడో ఏట ప్రభుత్వం సింజార్ కొండ మీది మా ఊళ్ళను బుల్డోజర్లతో కూల్చి, మమ్మల్ని కింద మైదానంలో పడేసింది. అక్కడ వెలిసిన కొత్త ఊరు గిర్‌బెరాన్. రాళ్ళేరి నేల సాగు చేసింది మేము. పట్టా పుట్టింది ముత్లగ్ తండ్రి పేర. మా చేలో మేమే కౌలుదార్లమయ్యాం. నేను మూడో తరగతిలో బడి మాని గొర్రెల వెంట పోయాను. హాజీ ఇంటివాళ్ళు మమ్మల్ని దయ్యాన్ని కొలిచేవాళ్ళన్నారు. మా చేతి పెరుగు ముట్టలేదు. మా చేతి గోధుమలు మాత్రం బస్తాలకెత్తుకుపోయారు.

2014 ఆగస్టులో, మమ్మల్ని కాఫిర్లని చంపే నల్లజెండాలవాళ్ళు వచ్చారు. మాకు కాపలా ఉన్న సైనికులు మాట మాత్రం చెప్పకుండా పారిపోయారు. సగం ఊరు కొండెక్కింది. మూడో రోజు పొద్దున ముత్లగ్ జీపులో వచ్చాడు.

"తుపాకులిచ్చేయుండ్రి. ఇంటి మీద తెల్లగుడ్డ కట్టుండ్రి. మీ గొర్రెపిల్లను కూడా ముట్టరు. కిరీవ్‌ను, మాట ఇస్తున్న."

నా భార్య బసే గడప దిగింది. "కిరీవ్‌వే అయితే, హాజీ, ఇన్నేండ్లల్ల పట్టా ఎందుకియ్యలె?"

"నోర్మూసుకో," అన్నాను. ఆ మాట అన్నది ముత్లగ్ కాదు, నేను.

ఇల్లిల్లూ తిరిగి తుపాకులు తెచ్చి జీపులో పెట్టింది కూడా నేనే. కిరీవ్ మాట తప్పితే లోకం ఉంటుందా అని వాదించాను. నన్ను నమ్మి ఇచ్చారు. "కొండెక్కినోళ్ళను కూడా తోల్కరా, ఖుదీదా," అన్నాడు ముత్లగ్. పోయాను.

కొండ మీద నోఫా ముసలమ్మ నా చెప్పులు గుంజుకుంది. "దిగినవంటే కాళ్ళిరగ్గొడ్త. ఆడు దొర రా, సన్నాసీ! ఒళ్ళో నెత్తురు పడితే దొర మనిషైతడా?"

ఆమెతో కొట్లాడుతుండగానే కింద నుంచి తుపాకుల మోత వచ్చింది. చాలాసేపు వచ్చింది. మధ్యలో ఆగింది. మళ్ళీ వచ్చింది.

తర్వాత జరిగింది మా పొరుగింటి పిల్ల హజ్నీ చెప్పింది. ఆ పిల్లను మూడుసార్లు అమ్మారు, బతికి వచ్చింది. మగపిల్లల చొక్కాలెత్తి చంకలు చూశారట. వెంట్రుకలుంటే మగవాళ్ళ వరస, లేకుంటే ఆడవాళ్ళ వరస. దఖీల్‌కు పదమూడేళ్ళు. మగవాళ్ళ వరసలోకి నెట్టారు. బసేను బస్సెక్కించారు. ఈనాటికీ జాడ లేదు.

"అప్పుడు ముత్లగ్ ఏం చేస్తున్నడు?" అని అడిగాను.

"అడుగులేసుకుంట పొలం గట్టు కొలుసుకుంటున్నడు, మామా."

పదకొండేళ్ళు గుడారాల్లో ఉండి తిరిగొచ్చాం. కాల్చిన మగవాళ్ళను పూడ్చిన గోతి నేను సాగు చేసిన చేలోనే ఉంది. తవ్వి ఎముకలు తీసి పేర్లు చెప్తామని అధికారులు చుట్టూ తీగె కట్టి పోయారు, మళ్ళీ రాలేదు. మొన్న నవంబర్లో కబురొచ్చింది: అది హాజీ పట్టా భూమి, బుధవారం దున్ని విత్తుతారు.

ఊరంతా కూడింది. ఊరి పెద్ద షమో అర్జీ పెడదామన్నాడు.

"ఇప్పటికెన్ని పెట్టినవ్, తాతా?" అంది హజ్నీ.

"పద్దెనిమిది."

"జవాబులు?"

ముసలాయన తలపాగా సర్దుకున్నాడు. "మరి ఏం జేద్దామంటవ్?"

"అడ్డం కూసుందాం. బుధవారం మన పవిత్ర దినం గదా, ఎట్లాగూ పని చెయ్యం."

కొందరు నవ్వారు. ఒకడు నా వైపు చెయ్యి చూపాడు: "గీయన వస్తే నేను రాను. తుపాకులిప్పించింది గీయనే."

నేను లేచి బయటికి నడిచాను. హజ్నీ వెనకే వచ్చింది. "పారిపోతే దఖీల్ లేస్తడా? ముందు వరసల కూసో. తిడితే పడు."

మర్నాడు రెండు వందల మందిమి తీగె ముందు కూర్చున్నాం. ట్రాక్టర్, భూముల ఆఫీసు గుమాస్తా, పోలీసులు వచ్చారు. ట్రాక్టర్ తోలేది ఉబైద్, ముత్లగ్ దగ్గర రోజుకూలీ చేసే ముస్లిం.

"తోలు, లేస్తరు వాళ్ళే," అన్నాడు గుమాస్తా.

ఉబైద్ ఇంజన్ ఆపాడు. "ఈ గోతిల నా కిరీవ్ ఎల్యాస్ కొడుకున్నడా?"

"ఉన్నడు. ఎల్యాస్ కూడా ఉన్నడు," అన్నాను.

"సున్తీ నాడు ఆ పిలగాడు నా ఒళ్ళోనే ఏడ్చిండు." ఉబైద్ దిగి తాళంచెవి గుమాస్తా కాళ్ళ దగ్గర పడేశాడు. "నేను దున్న."

"నీ కూలీ పోతది!"

"నువ్వు దున్నుకో. నీ చేతులు మెత్తగున్నయ్."

నోఫా అరిచింది. "పదకొండేండ్లు యాడ సచ్చినవ్ రా?"

"భయపడ్డ, అమ్మా."

హజ్నీ పక్కకు జరిగింది. ఉబైద్ కూర్చున్నాడు. నేను వస్తే రానన్నవాడు నా మోచెయ్యిలో మోచెయ్యి వేసి బిగించాడు. నా వైపు మాత్రం చూడలేదు.

లాఠీలు లేచాయి. ముప్పై ఒక్కమందిని లారీలోకి విసిరారు. లారీ మలుపు తిరిగేసరికి పక్క ఊళ్ళ ఆడవాళ్ళు పిల్లల్ని చంకనేసుకుని వస్తున్నారు. మేం లేచిన చోట వాళ్ళు కూర్చున్నారు. మూడు వారాలైంది, ట్రాక్టర్ ఇంకా కదల్లేదు.

స్టేషన్లో, హాజీ భూమిలో ఇక అడుగు పెట్టనని సంతకం చేస్తే వదిలేస్తామన్నారు. ముప్పై ఒక్కరిలో ఒక్కడూ చేయలేదు, ఉబైద్‌తో సహా.

"నీదంటవ్ గదా, ఎంత పోయిందో రాయి," అని అధికారి నా ముందు కాగితం విసిరాడు.

కూలీలారా, చదువుకునే పిల్లలారా, మూడో తరగతి అక్షరాలతో, అర ఎకరం పైబడ్డ మా దూనుముల లెక్కలో నేను రాసింది ఇదే:

బార్లీ చేను ఇరవై ఆరు దూనుములు. గోధుమ చేను పదిహేడు. మొత్తం నలభై మూడు దూనుములు, పట్టా లేదు. అందులో తూర్పు మూల తీగె లోపల పద్నాలుగు మీటర్ల పొడవు, నాలుగు మీటర్ల వెడల్పు.