ఇద్దరికి ఒక రాతిపెట్టె

నేను ఒక రాతిపెట్టెని. నగలు దాస్తారనుకునేరు, కాదు. నాలో ఎముకలు దాస్తారు. అయ్యో, మొహం అలా పెట్టకండి! నవ్వే మనుషుల మధ్య నాలాగా బతికిన పెట్టె మీ ఇళ్లలో కూడా ఉండదు.

నేను పుట్టింది యెరూషలేము దగ్గర సున్నపురాతి గనిలో. రెండువేల ఏళ్ల కిందటి మాట. అక్కడి యూదులు కొండను తొలిచి కుటుంబానికొక గుహ చేసుకునేవారు. ఎవరైనా పోతే గుహ గోడలోని గూట్లో పడుకోబెట్టి, వాకిలికి బండ అడ్డం పెట్టి వెళ్లేవారు. ఏడాది గడిచాక మళ్లీ వచ్చి, మిగిలిన ఎముకలు ఏరి నాలాంటి పెట్టెలో సర్దేవారు. ఆ రోజు పొద్దుగూకేదాకా ఏడుపు. మర్నాడు సంబరం, పోయినవాడు తన పెద్దల దగ్గర కుదురుకున్నాడని. ఏడుపుకు కూడా గడువు పెట్టుకున్న ఆ మనుషులంటే నాకు భలే ఇష్టం.

ఒంట్లో అన్నిటికన్నా పొడవైనది తొడ ఎముక. అది పట్టేంత పొడవుంటే పెట్టెకు చాలు. యోయెజెరు తన తండ్రి మత్తత్యా కోసం నన్ను చేయించడానికి వచ్చి, కొలతకు తన తొడే చూపించాడు.

"ఊరంతా నన్ను అచ్చం నాన్న పోలికే అంటారు. దీన్నే కొలుచుకో" అన్నాడు.

రాతిపనివాడు హనీనా అలాగే కొలిచేశాడు. పోలిక ముక్కులో ఉంది మహానుభావా, కాళ్లలో కాదు! ఆ మాట చెప్పేవాళ్లు అక్కడ ఒక్కరూ లేకపోయారు.

ఎముకలు ఏరే రోజు వచ్చింది. హనీనా నన్ను గుహలోకి మోసుకొచ్చి దించాడు. యోయెజెరు తండ్రి తొడ ఎముకను నాలో పెట్టబోతే పట్టలేదు. ఇటు తిప్పాడు, అటు తిప్పాడు. చివరికి ఈ మూల నుంచి ఆ మూలకు ఏటవాలుగా పెడితే దిగింది. రెండోదీ అంతే. పెట్టంతా ఆయనే పరుచుకున్నాడు.

అసలు చిక్కు అక్కడే వచ్చింది. మత్తత్యా భార్య షఫీరా పక్కనే నిలబడి చూస్తోంది. బతికుండగా ఒకే పక్క మీద పడుకున్నవాళ్లు పోయాక ఒకే పెట్టెలో ఉండవచ్చని వాళ్ల ఆచారం. తన రోజు వచ్చాక ఆయనతోపాటు నాలోనే ఉండాలని ఆవిడ ఆశ. వేరే పెట్టె అంటే ఆవిడకు వేరు కాపురమే.

"నీకు ఇంకోటి చేయిస్తాలేమ్మా. ఇందులో చోటెక్కడిది?" అన్నాడు కొడుకు తల దించుకుని.

షఫీరా వంగి నాలోకి చూసింది. చూసి, ఏడవాల్సిన రోజని కూడా మరిచిపోయి ఫక్కున నవ్వింది.

"ఒరేయ్, మీ నాన్న మంచం మీద కూడా ఇలాగే అడ్డంగా పడుకునేవాడురా! పెళ్లయిన నాటినుంచీ ఆ మిగిలిన మూలలోనే నా సంసారం. అక్కడ సరిపోయినదాన్ని ఇక్కడ సరిపోనా? ఏవయ్యా హనీనా, మేకు చేతిలోకి తీసుకో. ఆయన పేరు పక్కన నా పేరు కూడా ఇప్పుడే గీకు. లేకపోతే రేపు వీడు మాట మారుస్తాడు."

"బతికుండగానే పేరేంటమ్మా!" అని హనీనా నసిగాడు. ఆవిడ చూసిన చూపుకు గబగబా గీకేశాడు. అక్షరాలు కాస్త వంకర, అయినా బాగున్నాయి.

చాలా ఏళ్లకు ఆవిడా వచ్చింది. గడ్డం నెరిసిన యోయెజెరు తల్లి ఎముకలు ఒక్కొక్కటే సర్దాడు. అన్నీ ఆ మూలలోనే ఒదిగిపోయాయి.

"సరిపోయావమ్మా!" అన్నాడు, ఏడుస్తూనే నవ్వుతూ.

మూత పడ్డాక నాకెంత సంతోషం వేసిందో! ఇల్లు నిండినట్టయింది.

ఈ మధ్యే రోడ్డు వేస్తుంటే మా గుహ బయటపడింది. పరిశోధకులు వచ్చారు. వాళ్లలో ఒక అమ్మాయి మూత ఎత్తి, టార్చి వేసి నాలోకి తొంగి చూసింది.

"అయ్యో పాపం! ఈయన పెట్టంతా ఆక్రమించుకుని భార్యను మూలకు తోసేశాడు చూడండి" అంది.

తోసేయడమా! పోట్లాడి పుచ్చుకున్న చోటు తల్లీ అది.