లేని పగులు

మా తోటికోడలి చేతులు ఎంతో బాగుంటాయట. రాళ్ళు కోసి సానబట్టే మా పని మీద ఫిల్ము తీస్తానని వచ్చిన కెమెరా ఆవిడ అంది. పొద్దుటినుంచీ ఆ చేతులనే తీస్తోంది. నావి? పెళ్ళయిన మర్నాటినుంచీ సానచక్రం ముందే ఉన్నాయి, గోళ్ళు అరిగిపోయి. వాటినెవరు తీస్తారు! నిన్నగాక మొన్న వచ్చినదాన్ని మాత్రం అందరూ నెత్తినెక్కించుకుంటారు.

అది చాలదన్నట్టు మామగారు ఆ రాయి కూడా దానికే ఇచ్చారు.

ఆయన ఇన్నేళ్ళుగా గనిలో దిగి మట్టి తవ్వుతున్నా ఇంతకుముందెన్నడూ దొరకనంత పెద్ద ఓపల్ అది. కోడిగుడ్డంత. పొడిగా ఉంటే బూడిదరంగు గులకరాయి. తడి తగిలితే చాలు, లోపల ఎరుపూ పచ్చా కదులుతాయి.

"చిన్నదాని చెయ్యి తేలిక. ఇది అదే కోస్తుంది," అన్నారు. నాకు ఒళ్ళు మండిపోయింది.

మా ఇంట్లో ఒక పద్ధతి ఉంది. పెద్ద రాయి కోసే ముందు, సాన దగ్గర కూర్చునే ప్రతివాళ్ళూ దాన్ని నాలికతో తడిపి, దీపానికి అడ్డం పెట్టి చూసి, ఒక మాట చెప్పాలి. నా వంతు వచ్చింది. నడిమధ్యన సన్నటి గీత కనిపించింది.

"పగులుంది," అన్నాను.

మామగారు లాక్కుని చూశారు. "పగులూ లేదు, పాడూ లేదు. రంగు లేని పొర అంచది. నీకు పగులు కనపడిందా, కనపడాలనుందా?" అని నవ్వారు. కెమెరా ఆవిడా నవ్వింది. నాకు తల కొట్టేసినట్టయింది. తర్వాత ఆయన ఆవిడను గని చూపించడానికి తీసుకెళ్ళారు.

తోటికోడలు మాత్రం నవ్వలేదు. పెన్సిలు నా చేతికిచ్చింది. "ఎక్కడుందో గియ్యక్కా. వాళ్ళొచ్చేలోగా దాని సంగతి చూసేద్దాం. రాయి చూడటం నాకు నేర్పింది నువ్వేగా. నువ్వు ఉందన్నావంటే ఉంటుంది."

అప్పుడైనా ఇంకోసారి తడిపి చూడొచ్చు. చూడలేదు. చూస్తే పగులు లేకుండా పోతుందేమోనని భయం. ఉండాలి, ఉండి తీరాలి అనుకుంటూ గీశాను.

పగులున్న రాయి సాన మీద ముక్కలైపోతుంది. ముందే పగులు వెంట కోసేస్తే రెండు ముక్కలైనా దక్కుతాయి. తోటికోడలు రంపం తిప్పింది. నీళ్ళు చిమ్మాయి. రాయి రెండయింది.

ఇద్దరం వంగి చూశాం. పగులు లేదు. ఈ చివర నుంచి ఆ చివరదాకా నిండుగా ఎరుపే. మామగారు చెప్పిన పొర అంచు పైపైన ఉంది, అంతే. అలాంటి రాయి మళ్ళీ ఈ ఇంటికి రాదు.

గుమ్మంలో మామగారు. "అయ్యో, అయ్యో! ఎవరు కొయ్యమన్నారు?"

కెమెరా మొదటిసారి నా మొహం మీదికి తిరిగింది. నోరు తెరిచాను.

"నేనే మామయ్యా," అంది తోటికోడలు. "నాకూ పగుల్లాగే కనపడింది. తొందరపడ్డాను. అక్కనేమీ అనకండి."

కెమెరా గిరుక్కున దానివైపు తిరిగింది. మామగారు ముక్కలు రెండూ పట్టుకుని కూలబడ్డారు. దాన్ని పల్లెత్తు మాట అనలేదు. పైగా, "పోన్లే, ఏడవకు," అన్నారు. నన్నయితే ఇల్లెగిరిపోయేలా తిట్టేవారు. బల్ల కింద అది నా చెయ్యి పట్టుకుంది. విదిలించుకున్నాను.

రాయి పోతే పోయింది. నేను చేసిన తప్పు కూడా నాకు మిగల్చలేదు, మహాతల్లి.