ముప్పయ్యో చెయ్యి

కారు తన ఇల్లున్న శ్రీరాంపూర్ దిక్కు మళ్ళలేదు. అనసూర్యకు మొదటిసారి భయం వేసింది అప్పుడే.

అంతకు గంట ముందు ఆమె ఓట్ల లెక్కింపు కేంద్రం మెట్ల మీద నిలబడి ఉంది. చేతిలో గెలిచినట్టు అధికారి ఇచ్చిన కాగితం, మెడలో ఎవరో వేసిన బంతిపూల దండ. గోదావరి ఒడ్డున కొత్తగా కార్పొరేషన్ అయిన ఆ పట్నంలో ఏ పార్టీ టికెట్టూ లేకుండా గెలిచింది ఆమె ఒక్కతే. కత్తెర గుర్తు మీద పదిహేడు ఓట్ల తేడాతో గట్టెక్కింది. రవికలు కుట్టి బతికే మనిషి. భర్త వెంకటేశ్ మస్కట్‌లో క్రేన్ నడుపుతాడు. ఇంట్లో అత్త లింగవ్వ, తొమ్మిదో తరగతి చదివే కూతురు నవ్యశ్రీ. వాళ్ళ కాలనీని ఆనుకునే బొగ్గు నిల్వ చేసే ప్రైవేటు యార్డు ఒకటి ఉంది. పొద్దున ఆరేసిన బట్టలు సాయంత్రానికి నల్లబడతాయి. లింగవ్వ దగ్గు ఏ మందుకూ తగ్గదు. ఆ యార్డును అక్కడి నుంచి ఎత్తేయిస్తానని గడప గడపకూ తిరిగి చెప్పింది అనసూర్య. ఓట్లు పడ్డది ఆ మాటకే.

యార్డు ఓంప్రకాశ్‌ది. మేయర్ పదవి ఆడవాళ్ళకు రిజర్వు కావడంతో ఆయన తన భార్య మమతారాణిని బరిలోకి దింపాడు. మొత్తం యాభై తొమ్మిది డివిజన్లు. లెక్కింపు ముగిసేసరికి మమతారాణి పక్షాన ఇరవై తొమ్మిది మంది తేలారు. అవతల రమ అనే రిటైర్డు టీచరమ్మ పక్షాన కూడా ఇరవై తొమ్మిది మందే. మిగిలింది అనసూర్య.

మెట్ల దగ్గరికి ఓంప్రకాశే స్వయంగా వచ్చి శాలువా కప్పాడు.

"అక్కా, గెలిచినవ్. శాన సంబురమైంది. రా, కార్ల ఇంటికాడ దింపుత."

ఆయన వెనకాల ఆరుగురు నిలబడి ఉన్నారు. ఆమె ఎక్కింది. ఎక్కగానే అటొకరు ఇటొకరు కూర్చున్నారు. ఇంటికి తిరగాల్సిన మలుపు దగ్గర కారు నెమ్మదించకుండా నేరుగా పోయింది.

"ఇల్లు గటు గదన్నా?"

"ఇంటికి తర్వాత పోదువు తియ్యక్కా. సోమవారం మేయర్ ఎన్నికయ్యేదాక మనోళ్ళందరు ఒక్క జాగల ఉంటే మంచిది. అవతలోళ్ళు గుంజుకపోతానికి తిరుగుతుండ్రు. నీ మంచికే చెప్తున్న."

"బట్టలన్న తెచ్చుకోలే."

"బట్టలు, సబ్బులు, దువ్వెనలు అన్నీ ఆడ ఉన్నయి. ఏం ఫికర్ చెయ్యకు." ఆయన ముందు సీటులోంచి చెయ్యి వెనక్కి చాచాడు. "ఫోన్ ఇటియ్యి అక్కా."

ఇచ్చింది. దాని మీద ఆమె పేరు రాసిన చీటీ అంటించి సంచిలో వేసుకున్నాడు. ఆ సంచిలో అలాంటి ఫోన్లు చాలానే ఉన్నాయి.

తోలుకపోయింది కరీంనగర్ అవతల ఒక రిసార్టుకి. చుట్టూ ఎత్తయిన గోడ, ఇనుప గేటు, లోపల నున్నగా కత్తిరించిన గడ్డి. మంచి తిండి, మెత్తని పరుపులు. ఒక్క మాట కూడా ఎవరూ గట్టిగా అనలేదు. శనివారం పొద్దున అనసూర్య గాలి కోసమని గేటు వరకు నడిస్తే ఒక మనిషి పక్కనే నడిచాడు. "ఏమన్న కావాల్నా అక్కా?" అని అడిగాడు. ఏం వద్దని ఆమె వెనక్కి తిరిగితే, అతనూ తిరిగి గది తలుపు దాకా వచ్చాడు. మమతారాణి ఒక మూల కుర్చీలో కూర్చుని ఉండేది. ఎవరేం అడిగినా ఆమె మొగుడే జవాబు చెప్పేవాడు.

అనసూర్యకు గదిలో తోడు సత్తమ్మ. అరవై రెండేళ్ళ మనిషి, ఓంప్రకాశ్ పార్టీ టికెట్టు మీదే గెలిచింది. ఇంతకు ముందొకసారి కౌన్సిలర్‌గా చేసింది. నలభై ఏళ్ళు బీడీలు చుట్టిన చేతులవి. ఊరికే కూర్చున్నా వేళ్ళు చుట్టుతున్నట్టే కదులుతుండేవి.

"రెండు దినాలాయె, నువ్వు మెతుకు ముట్టుతలేవు," అంది సత్తమ్మ ఆదివారం.

"గొంతు దిగుతలేదవ్వా. ఇంటికాడ ముసల్ది, పోరి. నేనేడున్ననో వాళ్ళకెరుక లేదు."

"మేయర్‌కు చెయ్యి ఎవ్వలికి లేపుదామనుకుంటున్నవ్?"

అనసూర్య తలుపు వైపు చూసి గొంతు తగ్గించింది. "నేను గెలిచిందే ఆ యార్డు మీద. ఆయన పెండ్లానికే చెయ్యి లేపితే మా కాలనీల ఎట్ల తిరుగుత? రమ టీచర్ తీయిస్తనన్నది."

సత్తమ్మ అన్నం పళ్ళెం ఆమె ముందుకు జరిపింది.

సోమవారం పొద్దున బస్సు సిద్ధమైంది. అందరూ ఎక్కుతుంటే ఓంప్రకాశ్ అనసూర్యను పక్కకు పిలిచి తన ఫోన్‌లో ఒక వీడియో చూపించాడు. కొండగట్టు మెట్లు. మెట్ల మీద లింగవ్వ కూర్చుని పులిహోర తింటోంది, దగ్గుతోంది, మళ్ళీ తింటోంది. పక్కన నవ్యశ్రీ నిలబడి ఉంది. ఒంటి మీద బడి యూనిఫాం, నలిగిపోయి ఉంది. భుజాన పుస్తకాల సంచి కూడా అలాగే ఉంది. వాళ్ళ వెనక ఒక మనిషి, ముఖం కనపడకుండా, చేతులు కట్టుకుని ఉన్నాడు.

"మీ అత్తమ్మకు అంజన్న మొక్కున్నదట గద. శనివారం బడి ఇడిశే యాళ్ళకే ఇద్దర్ని పంపించిన. రూం తీసిచ్చిన. మంచిగ చూసుకుంటుండ్రు మావోళ్ళు."

శనివారం. అంటే నవ్యశ్రీ మూడు రోజుల నుంచి అదే బట్టల్లో ఉంది.

"అన్నా, ఒక్కసారి మాట్లాడత."

"ఎన్నికయినంక మాట్లాడుకో. నేను ఫోన్ చేసేదాక మావోడు కదలడు." ఆయన నవ్వాడు. ఆమె భుజం మీద జారిన శాలువాను సరిచేశాడు. "చెయ్యి జర పైకి లేపక్కా, నాకు కనపడాలె."

బస్సులో కూర్చున్నాక అనసూర్య రెండు చేతులూ చీర కొంగులో దాచుకుంది. సత్తమ్మ పక్కన కూర్చుని ఏమైందని అడిగింది. అనసూర్య కిటికీలోంచి బయటికి చూస్తూనే, పెదవులు కదిలీ కదలనట్టు, వీడియో సంగతి చెప్పింది. బస్సు గోదావరి వంతెన మీదికి వచ్చాక ముసలామె ఆమె చెవి దగ్గరికి వంగింది.

"నువ్వు లేపు," అంది. "మంచిగ పైకి లేపు. వాడు చూడాలె."

"కాలనీకి ఏం మొకం చూపియ్యాలె అవ్వా?"

"ముందుగాల పిల్ల ఇంటికి రానియ్."

కార్పొరేషన్ హాల్లో ప్రమాణ స్వీకారం అయింది. తన పేరు పిలిచినప్పుడు అనసూర్య ఏం చదివిందో ఆమెకే తెలియలేదు. సభ్యులు కానివాళ్ళను లోపలికి రానివ్వలేదు గానీ హాలు తలుపులు అద్దాలవి. అద్దం అవతల ఓంప్రకాశ్ ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని నిలబడ్డాడు. ఆమె ఎటు చూసినా ఆ ఫోనే కనపడింది.

అధికారి మైకులో చెప్పాడు. "శ్రీమతి మమతారాణి గారికి మద్దతిచ్చేవాళ్ళు చేతులెత్తండి. లెక్క పూర్తయ్యేదాకా దించకండి."

అనసూర్య లేపింది. చంక నొప్పి పుట్టేంత పైకి లేపింది. కళ్ళు మూసుకుంటే నలిగిన యూనిఫాం కనపడుతోంది, తెరిస్తే ఆ అద్దం. ఇద్దరు గుమస్తాలు రెండు వైపుల నుంచి లెక్కపెట్టుకుంటూ వచ్చారు. మధ్యలో కలుసుకుని ఏదో గుసగుసలాడుకున్నారు. మళ్ళీ మొదటి నుంచి లెక్కపెట్టారు.

"ఇరవై తొమ్మిది," అన్నాడు అధికారి.

హాలంతా ఒక్కసారిగా కలకలం. ముప్పై రావాలి. అనసూర్య తన చెయ్యిని లెక్కించలేదేమోనని ఇంకా పైకి చాచింది, కుర్చీలోంచి సగం లేచింది. అప్పుడు పక్కకు చూసింది. సత్తమ్మ రెండు చేతులూ ఒళ్ళోనే ఉన్నాయి.

"శ్రీమతి రమ గారికి మద్దతిచ్చేవాళ్ళు."

అటువైపు చేతులు లేచాయి. ఇటు, ఓంప్రకాశ్ మనుషుల వరసలో, సత్తమ్మ చెయ్యి ఒక్కటి లేచింది. ఎండిన కట్టెలాంటి చెయ్యి. గాజులు మోచేతి దాకా జారాయి. వెనక వరసలోంచి ఒకాయన లేచి, "విప్ ఉన్నది, నీ పదవి పోతది సత్తమ్మా, దించు," అని అరిచాడు. అధికారి ఆమె వైపు చూశాడు.

"నా ఇష్టంతోటే లేపిన సారూ," అంది సత్తమ్మ. "రాసుకో."

ముప్పై. రమ మేయర్ అయింది. అటువైపు బల్లలు చరుస్తుంటే అనసూర్య ఆ మధ్యలోంచి పడుతూ లేస్తూ తలుపు వైపు పరుగెత్తింది.

"అన్నా, నేను లేపిన. నువ్వు చూసినవ్. నా బిడ్డను పంపియ్యి."

ఓంప్రకాశ్ ఆమెను చూశాడు. పరిచయం లేని మనిషిని చూసినట్టు చూసి, కారెక్కాడు. ఫోన్ల సంచి కూడా ఆ కారులోనే పోయింది.

గేటు దగ్గరున్న ఒక ఆడ కానిస్టేబుల్ తన ఫోన్ ఇచ్చింది. లింగవ్వ నంబరు స్విచాఫ్. మళ్ళీ చేసింది, స్విచాఫ్. "కంప్లయింట్ రాసిస్తవా?" అని అడిగింది కానిస్టేబుల్. ఏమని రాయాలి? గుడికి తోలుకపోయారని రాయాలా? రాస్తే ఆ సంగతి ఓంప్రకాశ్‌కు ఎంతసేపట్లో తెలుస్తుంది? అనసూర్య ఆటో ఎక్కి ఇంటికొచ్చింది. తలుపుకు తాళం. మెట్టు మీద కూర్చుంది. తను చెయ్యి లేపిన మాట నిజమే. కానీ ఆయన భార్య ఓడిపోయింది. ఆయన కోపం ఎవరి మీదికి మళ్ళుతుంది? ఒకటిన్నర అయింది, రెండు దాటింది. యార్డులో లారీలు బొగ్గు కుమ్మరిస్తున్న చప్పుడు. పక్కింటామె నీళ్ళు తెచ్చిస్తే గ్లాసు పట్టుకునే కూర్చుంది గానీ తాగలేదు.

నాలుగింటికి సందు మొదట్లో లింగవ్వ కనపడింది. చేతిలో ప్రసాదం పొట్లం. వెనకే నవ్యశ్రీ.

"లక్సెట్టిపేట బస్టాండుల దింపిపోయిండ్రు బిడ్డా, ఆడికెల్లి బస్సుల వచ్చినం," అంది లింగవ్వ. "నువ్వే పంపినవని చెప్పి తోలుకపోయిండ్రు. దర్శనమైతె మంచిగైంది. మరి గా మూడు దినాలు ఎందుకుంచుకున్నరో సమజ్ కాలే."

నవ్యశ్రీ వాకిట్లోనే ఆగిపోయింది. తల్లి దగ్గరికి తీసుకోబోతే భుజాన ఉన్న సంచిని తియ్యనివ్వలేదు. స్నానం చేసి, అన్నం తిని, లింగవ్వ నిద్రపోయాక అప్పుడు చెప్పింది.

"అమ్మా, మేం కార్ల ఉన్నప్పుడు గాయనకు ఫోనొచ్చింది. 'ఇప్పుడు వీళ్ళను ఏం చేయాల్నో చెప్పు' అని అడిగిండు. అవతల ఏం చెప్పిండ్రో. మల్లడిగిండు. నాలుగుసార్లు అడిగిండమ్మా. నాలుగోసారి అయినంక 'సరే, దింపుత' అన్నడు."

అనసూర్య పిల్లను పట్టుకుని కూర్చుండిపోయింది. మొదటి మూడు సార్లు అవతలి నుంచి ఏ జవాబు వచ్చిందో ఊహించకుండా ఉండాలని చూసింది. ఆమె వల్ల కాలేదు.

మరునాడు పొద్దున సత్తమ్మ ఇంటికి పోయింది. ముసలామె వాకిట్లో పీట వేసుకుని చిక్కుడుకాయలు ఒలుస్తోంది. పక్కన విప్ ధిక్కరించినందుకు వివరణ అడుగుతూ పార్టీ పంపిన కాగితం, గాలికి ఎగిరిపోకుండా దాని మీద చెంబు పెట్టి ఉంది. ఎదురుగా, రోడ్డు అవతల, ఒక బండి ఆగి ఉంది. దాని మీద ఇద్దరు మనుషులు.

"పొద్దుగాల్లకెల్లి ఆడనే ఉన్నరు," అంది సత్తమ్మ, తల ఎత్తకుండానే. "పిల్ల వచ్చిందా?"

"వచ్చింది అవ్వా." అనసూర్య చెంబు కింది కాగితం వైపు చూసింది. "ఎందుకు చేసినవ్? నీ పదవి పోతది."

"పోయినసారి నన్ను గిట్లనే తోలుకపోయిండ్రు. నా కొడుకు నౌకరి అడ్డం పెట్టిండ్రు. లేపిన. లేపినంక ఇంటికొచ్చి నాలుగు దినాలు తలుపు తియ్యలే, ఎవ్వలి మొకం చూడలే. ఇప్పుడు వాడు పెండ్లాం పిల్లలతోని నాగపూర్ల ఉన్నడు. నా కాడ వాళ్ళు పట్టుకుంటానికి ఏం లేదు. నీ కాడ ఉన్నది. అందుకే నీ చెయ్యి నువ్వు లేపినవ్, నాది నేను లేపిన."

"భయం కాలేదా?"

"కాకేం? ఇంక గూడ అయితుంది." సత్తమ్మ కాయల గంపను తన వైపు జరుపుకుంది. "నువ్వు పో బిడ్డా. నా కాడ నిన్ను చూస్తె, మనిద్దరం మాట్లాడుకునే చేసినమనుకుంటరు."

పోదామనే అనిపించింది అనసూర్యకు. ఇంట్లో పిల్లా, అత్తా ఇద్దరే ఉన్నారు. రమ టీచర్ యార్డును తీయిస్తుందో లేదో, తీయిస్తే ఓంప్రకాశ్ ఊరుకుంటాడో లేదో ఎవరికీ తెలియదు. బండి మీది వాళ్ళలో ఒకడు ఫోన్ ఎత్తి ఇటు పట్టుకున్నాడు. ఫొటో తీస్తున్నాడు.

ఆమె గేటు దాకా నడిచింది. గేటు గొళ్ళెం మీద చెయ్యి పెట్టి కాసేపు నిలబడింది. తర్వాత వెనక్కి వచ్చి, సత్తమ్మ పక్కన కింద కూర్చుని, గంపలోంచి సగం కాయలు తన ఒళ్ళోకి తీసుకుంది. మొదటి కాయ జారి మట్టిలో పడింది. తీసి తుడిచి, ఒలిచింది.