వేట ఈగలు

"ఆడోళ్ల జోలికి ఎవురూ రారులే, పోయిరా" అన్నాడు జ్ఞానప్రకాశం, రత్నమణి అంట్లు తోముతుంటే.

ప్రొద్దుటూరు కాలేజీలో జంతుశాస్త్రం చెప్పే ఆయన రాబర్ ఫ్లైస్ మీద, అంటే గాల్లోనే పురుగుల్ని పట్టి తినే వేట ఈగల మీద, పీహెచ్‌డీ చేస్తున్నాడు. అవి దొరికేది పెద్దముడియం పక్క చేలల్లో. ఆయన అన్న ఒక పార్టీలో తిరుగుతాడు, ఆ చేలు ఎదుటి పార్టీ వాళ్లవి. ఆయన అడుగుపెడితే తల మిగలదు. అందుకే నాలుగేళ్లుగా వల పట్టుకుని పోయేది పెళ్లామే.

తెచ్చాక వేరుచేసే పనీ ఆమెదే. వంటయ్యాక భూతద్దం ముందేసుకుని కూర్చునేది. సూదిలా సన్నటి పొట్టవి ఒక గుంపు, తుమ్మెదలా బొచ్చున్నవి ఒక గుంపు, తక్కినవాటికి రెక్కల్లోని ఈనెలు చూడాలి. అన్నిటికీ మొహాన గడ్డంలాంటి వెంట్రుకలే, కళ్ల మధ్య పల్లమే. అయినా యాభై రెండు రకాలు తేల్చింది. బీయస్సీ ఫస్టుక్లాసు మరి. "మా ఆమెకు ఓపిక శానా" అనేవాడాయన స్నేహితులతో. అత్త యేసమ్మ అయితే "ఈగలేరే కోడలు నాకే దొరకాల్నా" అనేది.

ఆ రోజు జొన్నచేను గట్టున, కంపచెట్టు కొసన కూర్చున్న ఈగ రెక్క మీద ఎన్నడూ చూడని మచ్చ. వలేసి సీసాలోకి ఎక్కించేసరికి వెనక నలుగురు, ఒకడి చేతిలో వేటకొడవలి.

"జ్ఞానప్రకాశం పెండ్లానివి గదా? మొగుడు ఇంట్లో దాక్కోని నిన్ను తోలినాడా?"

చెంప మీద కొట్టి ఎండలో కూర్చోబెట్టారు. ఏం చేయాలో వాళ్లు మాట్లాడుకుంటుంటే భయానికి చీర తడిసిపోయింది. ఆయన రాడు, రాలేడు, రావాలని అనుకోను కూడా అనుకోడు. చావంటే ఉన్న భయం కన్నా ఆ మాటే ఆమెను ఎక్కువ వణికించింది. చివరికి గొర్లు తోలుకొస్తున్న వాళ్ల ఊరి ముసలి చిన్నసుబ్బమ్మ అడ్డం నిలబడి, "నన్ను నరికి ఆ పిల్లను తాకండ్రా" అంటే వదిలారు. "మళ్లా కనపడితే శవమే" అన్నారు.

ఇల్లు చేరి, సీసా ఆయన ముందు పెట్టి అంతా చెప్పింది. ఆయన సీసాను దీపానికి ఎత్తి చూశాడు.

"కొత్త జాతే! మా అన్నోళ్ల లీడరు పేరు పెడదాం, ప్రమోషన్ వచ్చినట్టే. కానీ ఇది మగది. ఆడది కూడా కావాల. రేపు మళ్లా పోవాల నువ్వు."

వాచిన చెంప వైపు ఒక్కసారైనా చూస్తాడేమోనని కాసేపు నిలబడింది. తర్వాత రెండు చీరలు సంచిలో పెట్టుకుంది. జమ్మలమడుగులో అమ్మ ఉంది, ఆఖరి బస్సు ఇంకా ఉంది.

పెళ్లయిన నాటినుంచి "మీరు" తప్ప అనని నోటితో, గడప దాటుతూ అంది:

"ఆడది కావాలంటే, నువ్వే పోయి వెతుక్కో."